కుక్కలకు లేచు చీముగడ్డలు

వానలు వెనుకపట్టి చిత్తకార్తె ప్రవేశించునప్పటికి మన పల్లెలలోను పట్టణపు వీథులలోను కుక్కల కలహములు మిక్కుటమగును. ఆడుకుక్క ఒకటి ఎదకు వచ్చినచో నాలుగు వీథుల మగకుక్కలును దాని వెంట గుమిగూడి, రాత్రియెల్ల ఒకదానినొకటి కరచుకొని, తెల్లవారునప్పటికి పెంపుడు కుక్కలు యజమానుల గడపలకు కుంటుచు చేరుకొనును. ఇంటివారు మెడమీదనో భుజముమీదనో కనబడిన చిన్న పంటిగాటును చూచి, దానిమీద ఇంత పసుపు అద్ది, నెత్తురు నిలిచినది గదా యని నిశ్చింతగా ఉందురు. ఆ గాటు రెండు దినములలో పైకి మూసికొనిపోవును. నాలుగవ నాటికో అయిదవ నాటికో అదే చోట అరచేతికి నిండుగా తగులు వాపు లేచి, చేయి సోకినంతనే కుక్క గుర్రుమని, పెట్టిన అన్నము పెట్టినట్లే విడిచి మూలకు చేరును. చీముగడ్డ అనునది ఇదియే.

పశువైద్యశాలకు వచ్చు కుక్కలలో ఈ బాధతో వచ్చునవి తరచుగా కనబడుచుండును. దీనికి చికిత్స అసాధ్యమైనది కాదు. పెద్ద యంత్రములతో పని కూడ అంతగా లేదు. అయినను ఆ సౌలభ్యము క్రమము నెరిగినవారికే దక్కును. గడ్డ పక్వమైన కాలమును గుర్తించుట, చీమునకు వెలుపలికి దారి కల్పించుట, చీము పట్టుటకు మూలమైనదానిని వెదకి తీసివేయుట అను మూడు పనులలో ఏ యొక్కటి లోపించినను, ఎంత విలువగల మందు వాడినను, గడ్డ మరల లేచుటకు అవకాశము ఉండనే ఉండును.

చీము పుట్టు విధము

కుక్క చర్మము, విశేషించి మెడమీదను వీపుమీదను, కండరమునకు అంటిపెట్టుకొని ఉండక వదులుగా కదలుచుండును. ఎదుటి కుక్క కరచి విదిలించునప్పుడు కోరపంటి మొన చర్మమున చిన్న రంధ్రము మాత్రమే చేసినను, చర్మమునకు క్రిందనున్న కొవ్వును కండరమును నలిపి చీల్చి, నెత్తురు ప్రసరింపని ఖాళీ నొకదానిని సృజించును. పంటితో కూడ నోటిలోని సూక్ష్మజీవులును, మట్టియు, వెండ్రుకలును ఆ ఖాళీలోనికి చేరును. పైరంధ్రము త్వరగా మూసికొనిపోవుటచే, ప్రాణవాయువు అక్కరలేకయే వర్ధిల్లు బాక్టీరియాలకు ఆ చోటు మిక్కిలి అనుకూలమగును. కరచిన గాయములనుండి వైద్యులు తరచుగా వేరుచేయు సూక్ష్మజీవులలో స్టెఫిలోకాకస్, స్ట్రెప్టోకాకస్ జాతులతో పాటు పాశ్చరెల్లా అనునది యొకటి. 1880 ప్రాంతమున కోళ్ళకు వచ్చు కలరావంటి వ్యాధిని పరిశోధించిన ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు లూయీ పాశ్చర్ గౌరవార్థము ఈ జాతికి ఆ పేరు పెట్టిరి.

శత్రువు ప్రవేశించిన వార్త అందినంతనే దేహము న్యూట్రోఫిల్ అను తెల్లరక్తకణములను అచ్చటికి వేలకొలది, లక్షలకొలది పంపును. అవి సూక్ష్మజీవులను మ్రింగుచు, తమలోని జీర్ణరసములను వెదజల్లుచు, తామును నశించును. అట్లు నశించిన కణములు, చచ్చినవియు బ్రతికినవియు అగు బాక్టీరియాలు, కరగిన మాంసము, ఊరిన ద్రవము కలిసి చీము అగుచున్నవి. దేహము దీని చుట్టును నారపోగులవంటి ధాతువుతో ఒక గోడ కట్టి, విషము పరిసరములకు ప్రాకకుండ నిరోధించును. ఈ గోడ రక్షణయే, అయినను చికిత్సకు ఆటంకమును ఇదియే. రక్తనాళములు లేని ఆ కుహరములోనికి నెత్తురుతో వచ్చు మందు చాలినంత చేరదు; చేరిన కొంచెమును ఆమ్లగుణముగల చీములో తన శక్తిని కోలుపోవును. కేవలము మందుబిళ్ళలతో గడ్డను కరగించవలెనని చూచువారి ప్రయత్నము పలుమారు విఫలమగుటకు కారణము ఇదియే.

ఎచ్చటెచ్చట లేచును

కాటువలన లేచు గడ్డలు ముఖమునను, మెడయందును, కాళ్ళమీదను, తోకమొదటను తరచు. కుక్క మాత్రమే కాదు, పిల్లి గోరును, కోతి పన్నును, పందికొక్కు కాటును ఇట్టి గడ్డలకు దారితీయును. పొలములలో తిరుగు కుక్కలకు తుమ్మముల్లును, పల్లేరుకాయయు, గడ్డివెన్నుల వాడిమొనలును కాలివ్రేళ్ళ సందులలో గుచ్చుకొని లోనికి పోవును. గడ్డిమొనకు ఉన్న వెనుకచూపు ముండ్లవలన అది ముందుకే గాని వెనుకకు జరుగజాలదు. కావున వ్రేళ్ళసందున ప్రవేశించినది కొన్ని వారములకు ముంగాలిమీద గడ్డయై తేలుట కలదు. విసరిన కట్టెపుల్లను పరుగెత్తి నోట పట్టుకొను కుక్కలకు ఆ పుల్ల చీలిక గొంతులో దిగబడి, మెడక్రింద చీము చేరును.

కంటిక్రింద చెంపమీద లేచు గడ్డ చాలమందిని భ్రమపెట్టును. చర్మముపై గాయమేదియు లేకయే అచ్చట వాపు వచ్చి, పగిలి, మాని, మరల వచ్చుచున్నచో, తప్పు చర్మమునందు కాక పంటియందు ఉండును. పైదవడలోని నాల్గవ ముందుదౌడపన్ను మూడు వేళ్ళుగల పెద్ద పన్ను. గట్టి ఎముకలు కొరికినప్పుడు అది బీటలువారి, ఆ బీటద్వారా సూక్ష్మజీవులు వేరువరకు దిగి, చీము కంటిక్రిందికి దారి చేసికొనును. పంటిని తీసివేయుటయో, వేరునాళమును శుభ్రపరచి పూడ్చుటయో జరిగిననే తప్ప ఈ గడ్డ శాశ్వతముగా మానదు.

మలద్వారమునకు ఇరుప్రక్కల, గడియారములో 4, 8 అంకెలుండు చోట్ల, కుక్కకు రెండు చిన్న గంధగ్రంథులు కలవు. వాని నాళము పూడుకొనిపోయినచో రసము నిలిచి, గట్టిపడి, తుదకు చీము పట్టును. కుక్క పిరుదులను నేలకు రాచుకొనుచు జరుగుట, మాటిమాటికి ఆ చోటును నాకుట, మలవిసర్జన సమయమున మూలుగుట దీనికి పూర్వసూచనలు. కంటిగుంటకు వెనుక గడ్డ లేచినచో కన్ను ముందుకు పొడుచుకొని వచ్చి, నోరు తెరువబోయినంతనే కుక్క బాధతో అరచును. వృషణములు తీయని మగకుక్కలలో ప్రోస్టేటు గ్రంథియందును, అరుదుగా కాలేయమునందును చీము చేరుట కలదు. ఆడుకుక్కలకు ఎద కడచిన కొన్ని వారములకు గర్భసంచిలో చీము నిండు వ్యాధి వేరు జాతికి చెందినదే యైనను ఇచ్చట స్మరింపదగినది. అధికమైన దప్పిక, నీరసము, వాంతులు, కొన్నిట యోనిద్వారమున దుర్గంధముతో కూడిన స్రావము కనబడినచో ఒక్క దినమైనను జాగుచేయక వైద్యుని చేరవలెను.

గుర్తుపట్టుట

ఎరుపు, వాపు, వేడి, నొప్పి అను నాలుగు లక్షణములను క్రీస్తుశకము మొదటి శతాబ్దమున రోమను గ్రంథకర్త సెల్సస్ వ్రాసియుంచెను. కుక్క శరీరమును దట్టమైన రోమములు కప్పియుండుటచే ఎరుపు మన కంటబడదు; కావున చేతిస్పర్శయే ప్రధానము. నిత్యము దువ్వునప్పుడు తల మొదలు తోకవరకు అరచేతితో నిమురు అలవాటు గల యజమానికి, వాపు అంకురదశయందే తెలిసిపోవును.

ఇట్టి వాపుల దశలను మనవారు ఎంత నిశితముగా పరిశీలించిరో తెలియవలెనన్నచో సుశ్రుతసంహిత సూత్రస్థానమునందలి 17వ అధ్యాయమును చూడవలెను. వ్రణశోథము ఆమము, పచ్యమానము, పక్వము అని మూడు దశలుగా అందు వివరింపబడినది. అపక్వదశలో వాపు గట్టిగా ఉండి కొద్దిపాటి నొప్పియు వేడియు కలిగియుండును; పక్వమగుచున్నప్పుడు బాధ తీవ్రమై, జ్వరము పుట్టి, ఆహారముపై అరుచి కలుగును; పక్వమైన పిదప నొప్పి శమించి, పైచర్మము పలుచబడి, ఒక అంచున నొక్కినచో తోలుతిత్తిలోని నీరువలె చీము రెండవ అంచునకు జరుగుట వ్రేలికి తెలియును. అపక్వమును కోయు వైద్యుని, పక్వమును ఉపేక్షించు వైద్యుని సుశ్రుతుడు సమానముగా గర్హించెను. నేటి పశువైద్యుడును వాపుపై రెండు వ్రేళ్ళుంచి పరీక్షించుట ఈ చలనముకొరకే.

కుక్క సహజోష్ణత మనకంటె ఎక్కువ. ఫారన్‌హీట్ మానమున 101 మొదలు 102.5 డిగ్రీలవరకు ఆరోగ్యలక్షణమే. కావున చెవి పట్టుకొని చూచి జ్వరమని నిర్ణయింపరాదు. డిజిటల్ థర్మామీటరు మొనకు వాజిలీను రాచి, మలద్వారమున ఒక అంగుళము మేర ఉంచి చూచుటయే నమ్మదగిన పద్ధతి. 103 దాటినచో వైద్యసలహా కావలెను. 104 దాటినచో ఆ పూటనే తీసికొనిపోవలెను.

వాపులన్నియు చీముగడ్డలు కావు. కొన్ని గంటలలోనే లేచి వేగముగా ప్రాకు బాధాకరమైన వాపు పాముకాటుది కావచ్చును. రక్తపింజరి కరచిన కుక్క కాలో ముఖమో ఇట్లే ఉబ్బును. చెవి దురదతో తల విదిలించిన కుక్కకు చెవితమ్మెలో మెత్తగా నిండునది నెత్తురు. నెలల తరబడి మెల్లగా పెరుగుచు నొప్పి లేక యుండునది కంతి కావచ్చును. నాభియొద్దనో గజ్జలయందో మెత్తగా ఉబికి, నొక్కినచో లోనికి పోవునది ప్రేగు జారుటవలన కలిగినదై ఉండవచ్చును; దానిని గడ్డయని తలచి సూదితో పొడిచినచో ప్రేగు తెగి ప్రాణమునకే ముప్పు వాటిల్లును. వైద్యుడు సన్నని సూదితో ఒకింత ద్రవమును లాగి సూక్ష్మదర్శినిక్రింద చూచినచో ఈ సందేహములు చాలవరకు తీరును.

చికిత్సాక్రమము

వాపు ఇంకను గట్టిగా ఉన్నచో వైద్యుడు వెంటనే కోయక, వేడికాపడము పెట్టించి పరిపక్వమగునట్లు చేయును. చేతికి ఓర్చుకొనదగిన వేడినీటిలో ముంచి పిండిన శుభ్రమైన గుడ్డను దినమునకు మూడు నాలుగు పర్యాయములు, ఒక్కొక్క పర్యాయము అయిదు పది నిమిషములు ఉంచవలెను. వేడివలన రక్తప్రసారము హెచ్చి, గడ్డ త్వరగా ఒక ముఖమునకు చేరును.

పక్వమైన గడ్డకు కోతయే చికిత్స. కుక్కకు మత్తుమందో స్థానికముగా తిమ్మిరి కలిగించు మందో ఇచ్చి, చుట్టునున్న రోమములను గొరిగి, చర్మమును శుద్ధిచేసి, గడ్డయొక్క మిక్కిలి పల్లపు చోట గాటు పెట్టుదురు. పల్లమున ద్వారము చేయుటవలన కుక్క నిలుచున్నను పండుకొన్నను చీము తనంతట తాను క్రిందికి జారును. లోపలి అరలన్నిటిని తెరచి, చచ్చిన మాంసమును తొలగించి, లవణజలముతోనో, పలుచగా కలిపిన క్లోర్‌హెక్సిడిన్ లేక పోవిడోన్ అయొడిన్ ద్రావణముతోనో పలుమారు కడుగుదురు. ముల్లో, పంటిముక్కయో, గడ్డిమొనయో దొరకునేమో యని కుహరమంతయు వెదకుట ఈ సమయముననే. ఖాళీ పెద్దదైనచో మెత్తని రబ్బరు పట్టీ నొకదానిని గాయములో ఉంచి, మూడు మొదలు అయిదు దినములపాటు స్రావము దాని వెంబడి కారునట్లు చేసి, పిదప తీసివేయుదురు. గాయమును కుట్టివేయక తెరచియుంచుటను చూచి యజమానులు కలవరపడుదురు గాని, లోతునుండి పైకి క్రొత్తమాంసము నిండుచు వచ్చుటయే ఇచ్చట సరియైన మానుదల. ముందుగా పైచర్మము కలిసిపోయినచో లోన చీము మరల చేరును.

యాంటీబయాటిక్ మందునకు స్థానము లేదని కాదు. జ్వరమున్నప్పుడును, పరిసర మాంసమునకు వాపు ప్రాకినప్పుడును, కీలునకో కంటికో సమీపమున గడ్డ లేచినప్పుడును అది అవశ్యకము. కాటుగాయములకు అమాక్సిసిలిన్‌ను క్లావులానిక్ ఆమ్లముతో కలిపి ఇచ్చుట పరిపాటి. పంటిగడ్డలకు క్లిండమైసిన్ వాడుదురు. మోతాదు కుక్క బరువునుబట్టి నిర్ణయింపబడును గాన ఇంటిలో మిగిలిన మాత్రలు సగమో పావో విరిచి వేయుట తగదు. రెండు దినములలో కుక్క హుషారుగా తిరుగుచున్నది గదా యని మందు ఆపినచో, మందునకు లొంగని బాక్టీరియాలు మిగిలి మున్ముందు బాధించును. మొదటి మందు పనిచేయనప్పుడు చీమును ప్రయోగశాలకు పంపి, ఏ మందునకు ఆ సూక్ష్మజీవి లొంగునో తెలిసికొనుట ఉత్తమము.

ఇంటివారి పని

శస్త్రచికిత్స అరగంటలో ముగియును. తరువాతి పదునాలుగు దినముల శుశ్రూష ఇంటివారిది. దినమునకు రెండుమారులు, కాచి చల్లార్చిన నీటిలో లీటరునకు 9 గ్రాముల ఉప్పు కలిపి గాయపు అంచులను తుడిచి, కట్టిన పొక్కును మెత్తపరచి తీసివేయవలెను. కుక్క నాకినచో గాయము శుభ్రపడునని లోకములో నొక నమ్మకము కలదు. నాలుక గరుకుదనము క్రొత్తమాంసమును చెరచును. నోటిలోని సూక్ష్మజీవులు మరల లోనికి చేరును. నాకుచు నాకుచు కుక్క కుట్లను, రబ్బరు పట్టీని పెరికి మ్రింగుటయు కలదు. కావున మెడకు గరాటు ఆకారపు అట్టను తగిలించి, గాయము మానువరకు తీయకుండుట మేలు.

మన దేశమునందు ఈగల బెడదను వేరుగా చెప్పవలసియున్నది. తెరచిన గాయముపై ఈగ గ్రుడ్లు పెట్టిన ఒక్క దినములోనే పురుగులు పుట్టి మాంసమును తొలుచును. గాయము మానువరకు కుక్కను దోమతెరలోనో ఈగలు లేని గదిలోనో ఉంచి, పూటపూటకు గాయమును పరీక్షింపవలెను. పురుగులు కనబడినచో కిరసనాయిలో, పెట్రోలో, ఫినాయిలో పోయుట క్రూరము, అపాయకరము. అవి మాంసమును కాల్చుటయే కాక, నాకిన కుక్క కడుపులోనికి చేరి విషమగును. పురుగులను ఒక్కటొక్కటిగా పట్టకారుతో తీయుట వైద్యుని పని.

గడ్డను చేతులతో పిండుట కూడదు; గోడ చిట్లి చీము లోపలి మాంసములోనికి, నెత్తురులోనికి వ్యాపించును. పసుపు, సున్నము కలిపి పట్టు వేయుట మనుష్యులయందు వాడుకలోనున్నదే యైనను, సున్నము కుక్కచర్మమును పొక్కించును, నాకినచో నోరు పుండగును. కాల్చిన కమ్మితో వాత పెట్టుట గడ్డకు మరియొక గాయమును చేర్చుటయే. హైడ్రోజన్ పెరాక్సైడు నురుగు చూచుటకు ఇంపుగా ఉన్నను క్రొత్తగా పుట్టు కణములను చంపును. మనుష్యుల నొప్పిమాత్రలైన ఐబుప్రోఫెన్, డైక్లోఫినాక్ కుక్క కడుపులో పుండ్లు పుట్టించి, మూత్రపిండములను చెరచును.

కరచిన కుక్క ఏది?

కాటువలన గడ్డ లేచినదని తెలిసినప్పుడు, చీముకంటె ముందుగా తలచవలసినది రేబిస్. కరచిన కుక్క ఎవరిది, దానికి టీకా వేసిరా, అది ఇప్పుడెట్లున్నది అను విషయములను విచారించి వైద్యునికి చెప్పవలెను. మన కుక్కకు పూర్వము టీకా వేయించియున్నను, కాటు పిదప ఆలస్యము లేక మరల వేయించుట అవసరమగును. 1885 జూలైలో జోసెఫ్ మైస్టర్ అను తొమ్మిదేండ్ల బాలునికి లూయీ పాశ్చర్ వేయించిన టీకాతో ఈ రోగమునకు అడ్డుకట్ట లభించినది. లక్షణములు బయటపడిన పిదప మాత్రము నేటికిని ఇంచుమించు ఎవరును బ్రతుకుట లేదు. గాయమును ముట్టునప్పుడు చేతికి తొడుగు ఉండవలెను. కుక్క పన్నో, లాలాజలమో మన చర్మపు గీతకు సోకినచో ఆ చోటును సబ్బుతో, పారునీటితో 15 నిమిషములు కడిగి, ఆసుపత్రికి పోయి టీకా వేయించుకొనవలెను. చొంగ కార్చుచు, దవడ వ్రేలాడవేసి, స్వభావము మారిన కుక్కను చూచి, పంటిగడ్డయో గొంతులో ఎముకయో అని తలచి నోటిలో చేయి పెట్టరాదు.

కలహములు తగ్గినచో కాటుగడ్డలు తగ్గును. సంతానము అక్కరలేని పెంపుడు కుక్కలకు సకాలమున శస్త్రచికిత్స చేయించినచో మగకుక్కల తిరుగుడును, ఆడుకుక్కల గర్భసంచి వ్యాధియు నివారింపబడును. 2023 నాటి జంతు జనన నియంత్రణ నియమములు వీథికుక్కలకు ఈ శస్త్రచికిత్సను, రేబిస్ టీకాను కలిపియే విధించుచున్నవి. పొలమునుండి వచ్చిన కుక్క కాలివ్రేళ్ళ సందులను వెదకుట, గట్టి ఎముకలు వేయకుండుట అను రెండు అలవాట్లు ముల్లుగడ్డలను, పంటిగడ్డలను చాలవరకు దూరము చేయును.

మరల లేచిన గడ్డ

సరిగా మానిన గాయపు మచ్చ నానాటికి చిన్నదై మెత్తబడును. అదే చోట నెలకో రెండు నెలలకో వాపు తిరిగి లేచినను, సన్నని రంధ్రమునుండి రసి ఎడతెగక కారినను, లోపల ముల్లో కట్టెచీలికయో నిలిచియున్నదని అనుమానింపవలెను. ఎక్స్‌రే చిత్రములో సూది, ఎముక కనబడును గాని కట్టెయు గడ్డియు సాధారణముగా కనబడవు. అల్ట్రాసౌండ్ పరీక్షతో వానిని పలుమారు కనిపెట్టవచ్చును. ఇట్టి కుక్కను తీసికొనిపోయిన యజమాని, మందు మార్చి వ్రాయుమని అడుగుటకు బదులు, మొదటి గాయము ఎప్పుడు, ఎట్లు తగిలినదో, వాపు ఎన్ని పర్యాయములు వచ్చి పోయినదో, ఏ మందులు ఎన్ని దినములు వాడినదో వివరముగా చెప్పి, మూలము వెదకుమని కోరవలెను. లోని ముల్లు బయటికి వచ్చిన నాడు గాని ఆ గాయము మానదు.